యానుష్ గారు రాయని సంగీతం

సన్నీవేల్‌లో మా ఫ్రిజ్ ఉండుండి ఒక్క కుదుపుతో ఆగిపోతుంది. అంతసేపూ అది మోగుతూనే ఉందన్న సంగతి ఆగాకే తెలుస్తుంది. ఆ నిశ్శబ్దంలో నాకు యానుష్ గారు గుర్తొస్తారు. పెద్దమనిషిని తలుచుకోవడానికి ఫ్రిజ్ అంత మర్యాదైన సందర్భం కాదు. కానీ ఆయన సంగీతం రాయడానికి కూర్చునే ముందు తన ఫ్రిజ్ ప్లగ్ పీకేసేవారు. మళ్లీ పెట్టడం మరిచిపోయేవారు. నాకు తెలిసిన కళాసాధనలో ఎక్కువ భాగం విరిగిన పాల వాసనే.

ఆయనది పోలండ్. అక్కడ సినిమాలకు సంగీతం చేసి పేరు తెచ్చుకున్నారు. ఒక సినిమా అమెరికావాళ్లకు నచ్చడంతో లాస్ ఏంజెలెస్ వచ్చారు. మొదట పెద్ద సినిమాలు, తర్వాత చిన్నవి, ఆ తర్వాత టీవీ. నేను సౌండ్‌లో మాస్టర్స్ ముగించి, ఆయన గ్యారేజీ స్టూడియోలో చేరేనాటికి ఆయనకు మిగిలింది ఒక్క ఆసుపత్రి సీరియల్. సంగీతం ఎక్కడెక్కడ రావాలో గుర్తులు పెట్టమని మొదటిరోజే నాకో ఎపిసోడ్ ఇచ్చారు. అత్తగారు తల తిప్పితే మూడుసార్లు ఉరిమే సీరియళ్ల మధ్య పెరిగినవాణ్ణి. ఎక్కడా ఖాళీ ఉంచలేదు.

"నర్సు తలుపు తీస్తోంది. దీనికెందుకు సంగీతం?" అన్నారు.

"లోపల ఏముందోనని భయం వేస్తుంది కద సర్."

"లోపల దుప్పట్లున్నాయి, కిరణ్."

ఆ ఏడాది చివరి ఎపిసోడ్‌లో ఒక సన్నివేశం ఉంది. కొడుకు బతకలేదని డాక్టర్ ఆసుపత్రి వరండాలో తల్లికి చెబుతాడు. ఆమె నడిచి వెళ్లిపోతుంది. యానుష్ గారు కొన్నిరోజులు తలుపు వేసుకున్నారు. పియానో మీద నాలుగు స్వరాలు వినిపించేవి, ఆగిపోయేవి. చివరికి పంపమని నాకిచ్చిన ఫైల్‌లో ఆ సన్నివేశానికి ఏమీ లేదు.

నిర్మాత లిండా ఫోన్ చేసింది. "కిరణ్, ఫైల్ కరప్ట్ అయినట్టుంది. తల్లి సీన్‌లో మ్యూజిక్ లేదు."

"మళ్లీ పంపు," అన్నారు యానుష్ గారు. అదే ఫైల్ మళ్లీ పంపాను. మళ్లీ ఫోన్. ఈసారి ఆయనకూ వినపడేలా స్పీకర్ పెట్టాను.

"ఇప్పుడూ లేదు!"

"ఆమె చెప్పుల చప్పుడు విను, లిండా."

"యానుష్, జనం ఏడవాలి. రేపటికి మ్యూజిక్ రాకపోతే షో వేరేవాళ్లకి ఇచ్చేస్తాను. జోక్ చేయట్లేదు."

జోకులు నా శాఖ కాబట్టి, ఆమె చేయట్లేదని నాకు వెంటనే అర్థమైంది.

"సర్, ఒక్క వయొలిన్ పెడదాం. చిన్నది," అని బతిమాలాను.

"చిన్న వయొలిన్లు పిల్లలు వాయిస్తారు."

"కావాలనే వదిలేశారా సర్? లేక రాలేదా?"

"మంచి ప్రశ్న," అని లేచి, తోటలో మొక్కలకు నీళ్లు పెట్టడానికి వెళ్లిపోయారు. మర్నాడు ఏమీ పంపలేదు. షో పోయింది.

ఆ ఎపిసోడ్ వచ్చిన సాయంత్రం ఇద్దరం ఆయన సోఫాలో కూర్చుని చూశాం. తల్లి అడుగు వేయడమే తరువాయి, వయొలిన్లు దండుగా దిగాయి. వెక్కిరించడానికి మాట సిద్ధం చేసుకుని పక్కకు తిరిగాను. యానుష్ గారు ఏడుస్తున్నారు.

"కొత్తవాడు బాగా చేశాడు," అని ముక్కు చీదుకున్నారు.

"మరి మనం చేసింది?"

"అదీ బాగుంది."

షో పోయినందుకు ఏడ్చారో, ఆ తల్లి కోసమో, వయొలిన్లు వాటి పని అవి చేశాయో నాకు తెలియలేదు. ఆయనకు మరో షో రాలేదు. కొంతకాలానికి పోలండ్ వెళ్లిపోయారు. నేను సన్నీవేల్ వచ్చి, ఫోన్‌లో మెసేజ్ వస్తే మోగే శబ్దాలు తయారుచేసే కంపెనీలో చేరాను. ఖాళీ ఉంటే నింపడమే ఉద్యోగం.

పోయిన నెల నా రూమ్మేట్ రమణకు హెచ్-వన్ వీసా లాటరీలో పేరు రాలేదు. లాప్‌టాప్ మూసి హాల్లో కార్పెట్ మీద కూలబడ్డాడు. దేనికైనా నా దగ్గర ఒక జోకు ఉంటుంది. ఆ సాయంత్రం ఎంత వెతికినా దొరకలేదు. వాడి పక్కన కూర్చున్నాను, అంతే.

"థాంక్స్ రా," అన్నాడు చాలాసేపటికి. "పొద్దుగాల్నుంచి అందరు నెక్స్ట్ ఇయర్ చూద్దామనేటోళ్లే. నువ్వొక్కనివే ఏమనలే."

జోకు దొరక్క ఊరుకున్నానని చెప్పబోయాను. వాడి మొహం చూశాక, అది నిజమో కాదో నాకే అనుమానం వచ్చింది. మాట్లాడకుండా అలాగే కూర్చున్నాను.