తలుపు కింద గీత

మా అత్త ఏడు నెలలు కష్టపడి కట్టిన గదిలో, ప్రదర్శనశాల మేనేజరు ట్యూబులైటు బిగించి విరిగిన కుర్చీలు పడేయించాడు. "ఏముందమ్మా అందులో, ఖాళీ గదేగా! చీకట్లో జనం తట్టుకుని పడుతున్నారు" అన్నాడు. అత్త పోట్లాడలేదు. కుర్చీలు జరిపి, తన బల్బు ఊడదీసి, చేతిసంచిలో వేసుకుంది. పక్కనే ఉన్న నేనూ నోరెత్తలేదు. ఏ మొహంతో ఎత్తను? ఆ గదిలో నేను మూడు నిమిషాలు కూడా కూర్చోలేదు.

అత్త మా నాన్నకు అక్క. నాటకాల హాల్లో ముప్పై ఏళ్లు లైట్లు వేసింది. ఆ పని మానేశాక వెలుతురుతో గదులు చేయడం మొదలుపెట్టింది. మూలలను పుట్టీతో గుండ్రంగా నునుపు చేసి నల్లరంగు నాలుగు పూతలు వేస్తే, గోడ ఎక్కడుందో కంటికి అంతుచిక్కదు. ఎదుటి గోడ అడుగున వెంట్రుకవాసి సందు, దాని వెనక చిన్న బల్బు. లోపలికెళ్లిన వాళ్లకు మొదట ఏమీ కనబడదు. ఇరవై నిమిషాలు ఓపిక పడితే నేల మీద సన్నటి గీత తేలుతుంది, మూసిన తలుపు కింద నుంచి వెలుతురు వస్తున్నట్టు.

ఆ తలుపు నాన్నది. నాకు ఐదేళ్లప్పుడు ఆయనకు అంటుజబ్బు చేసింది. ఎవరినీ లోపలికి రానివ్వలేదు. అత్త పదకొండు రోజులు గది బయట నేల మీదే కూర్చుందట. తలుపు కింది వెలుతురులో ఆయన పాదాల నీడలు అటూ ఇటూ తిరిగేవట. పన్నెండో రోజు వెలుతురు ఒక్కటే మిగిలింది. నన్ను పొరుగింటికి పంపి, నాన్న ఊరెళ్లాడని చెప్పారు. ఎదురుచూడటమంటే నాకు ఒళ్లుమంట అప్పటినుంచే.

ప్రదర్శనశాలలో పోయిన గదిని అత్త తన పడకగదిలో మళ్లీ కట్టింది. మంచం వంటింట్లోకి చేరింది. కానీ ఈలోగా ఆమె చూపు మందగించింది. ఇక తిరిగి రాదని డాక్టరు చెప్పేశాడు. గీత సరిగ్గా పడిందో లేదో ఆమెకే తెలియదు.

"ఒరేయ్ మేధావీ, నాలుగొందల పేజీలు చదువుతావు, ఇరవై నిమిషాలు కూర్చోలేవూ?"

"పుస్తకంలో కనీసం అక్షరాలుంటాయత్తా."

"నోటికేం తక్కువ లేదు. నువ్వొక్కడివి చూసి చెప్పరా, చాలు."

ఒక ఆదివారం పొద్దున వెళ్లాను. నేను ఆమెను ప్రాణాలతో చివరిసారి చూసింది ఆ రోజే. తలుపు మూసి నా పక్కనే చాప మీద కూర్చుంది. చాలాసేపు నా ఊపిరి తప్ప ఏమీ లేదు. లేచిపోదామనుకుంటుండగా గీత వచ్చింది.

"పడిందత్తా. నిక్కచ్చిగా పడింది" అన్నాను. ఆమె నిట్టూర్చింది.

ఇంకాసేపటికి గీత మధ్యలో రెండు చోట్ల నల్లబడింది. ఆ నలుపు మెల్లగా ఎడమవైపు కదిలింది. ఆగింది.

"అత్తా, ఆ నీడలు దేంతో చేశావు?"

ఆమె చీకట్లో తడుముకుంటూ నా మోచెయ్యి గట్టిగా పట్టుకుంది.

"నేను గీత వరకే చేశానురా. లేవకు. ఇంకాసేపు కూర్చో."