బొమ్మలో ఎలీయాజరు ప్రార్థన

దెందులూరు ఎలీయాజరు మద్రాసు వెళ్లి మూగ సినిమాల్లో రాక్షస వేషాలు వేసేవాడు. పందొమ్మిది వందల ముప్ఫై ఒకటిలో ఊరికి వస్తే, సినిమా బొమ్మలో విగ్రహానికి మొక్కాడని సంఘ పెద్దలు అతన్ని ప్రభువు బల్లకు రానివ్వలేదు, రొట్టె ఇవ్వలేదు.

"చేతులు జోడించమన్నారండి, జోడించాను. నోటితో చెప్పుకున్నది మాత్రం పరలోక ప్రార్థనేనండి," అన్నాడు.

"మూగ బొమ్మకు సాక్ష్యం ఎవరయ్యా?" అన్నారు పాదిరిగారు.

మా మణెమ్మత్తకు చిన్నప్పుడే జ్వరంతో చెవులు పోయాయి. పెదాలు చూసి మాట పట్టేసేది. చర్చిలో గుసగుసలాడే వాళ్లకు ఆవిడంటే హడలు. ఎలీయాజరు పెదాలు చదవమని ఆవిడను ఏలూరులో ఆ బొమ్మ ఆడే డేరా సినిమాకు తీసుకువెళ్లారు. సినిమా పాపమనే పెద్దలు ముగ్గురూ ముందు వరసలోనే కూర్చున్నారు.

"ప్రార్థనేనండి," అంది అత్త బయటికొచ్చి. "అందులో కీడు చేసినవాళ్లను క్షమించే మాట ఒక్కటి మాత్రం మింగేశాడు."

ఆదివారం పాదిరిగారు ఎలీయాజరును ఆ మాట అందరి ముందూ చెప్పమన్నారు. అతను లేచి ఆ ముగ్గురు పెద్దల వైపూ తిరిగాడు. పెదాలు కదిలాయి గాని శబ్దం రాలేదు.

పాదిరిగారు అత్త వైపు తిరిగారు.

"చెప్పాడండి," అంది అత్త.

ఎలీయాజరుకు రొట్టె ఇచ్చారు.