సినిమా బామ్మ వద్దన్న వేషం

ఆ రోజుల్లో నన్నెవరైనా "ఏమైనా తింటావా" అని అడిగితే, కడుపులో ఎలుకలు పరుగెడుతున్నా సరే, "అబ్బే, ఇప్పుడే తిన్నానండీ" అనేదాన్ని. మా చీరాల ఇంట్లో పెంపకం అలాంటిది. ఎవరింటికైనా వెళ్ళేముందు మా అమ్మ గుమ్మంలో ఆపి, "పెట్టగానే చెయ్యి చాపమాక, కరువులోంచి వచ్చారనుకుంటారు" అని చెప్పి మరీ పంపేది. మొదటిసారి వద్దనాలి. రెండోసారి "అయ్యో, మీకెందుకండీ శ్రమ" అనాలి. మూడోసారి తల వంచుకుని తీసుకోవాలి. (మూడోసారి అడగని ఇంటికి మా అమ్మ మళ్ళీ వెళ్ళేది కాదు, అది వేరే సంగతి.) ఈ విద్య ఒక్కటీ బాగా వంటబట్టించుకుని నేను ఐర్లండ్‌లో దిగాను. విదేశాల్లో ఒక్కసారే అడుగుతారనీ, వద్దంటే ఇక అంతేననీ విమానంలో పక్క సీటాయన భయపెట్టాడు. తీరా కిల్కెన్నీలో పనిలో చేరిన మొదటి రోజు వంటగదిలో ఆవిడ టీ కావాలా అని అడిగితే, అలవాటు కొద్దీ వద్దన్నాను. ఆవిడ నా మాట విననట్టే "ఆ, తాగుతావులే" అంటూ నీళ్ళు పెట్టింది. "నిజంగా వద్దండీ" అన్నాను. "గో ఆన్, ఒక్క చుక్క" అంది. నాకు ఏడుపొచ్చినంత పనైంది. వీళ్ళు అచ్చంగా మనవాళ్ళే!

నేను చేరింది నర్సింగ్ హోమ్‌లో. మన దగ్గర ఆ మాటకి చిన్న ఆసుపత్రి అని అర్థం గానీ, ఇక్కడ అది ముసలివాళ్ళు ఉండే చోటు. నర్సింగ్ చదివే వచ్చాను కానీ, ఇక్కడి రిజిస్ట్రేషన్ వచ్చేదాకా కేరర్‌గా పనిచెయ్యాలి. అంటే స్నానాలు చేయించడం, తినిపించడం, పక్కలు సర్దడం. ఊళ్ళో పెద్దాసుపత్రిలో నర్సుగా ఉన్న మా పెద్దమ్మ కూతురి దగ్గర ఉండేదాన్ని. మా అక్క నాకు రోజూ ఇచ్చే ఉపదేశం ఒక్కటే. "ప్రొబేషన్ అయ్యేదాకా నోరు మూసుకుని పని చేసుకో. అందరి బాధలూ నువ్వు నెత్తిన ఎత్తుకోమాక."

నేను చూసుకోవాల్సిన వాళ్ళలో ఒకావిడ హాలీవుడ్ నటి. వినగానే మీరు అనుకున్నట్టే నేనూ అనుకున్నాను. ముత్యాల దండలు, బొచ్చు కోటు, గోడ నిండా ఫోటోలు ఉంటాయని తల దువ్వుకుని మరీ గదిలోకి వెళ్ళాను. లోపల ఊలు స్వెట్టరు వేసుకున్న పొట్టి ముసలావిడ చక్రాల కుర్చీలో కూర్చుని బిస్కెట్టు టీలో ముంచుకుంటోంది. ఎనభై దాటాయి. గోడ మీద ఫోటో ఒక్కటే, అదీ వాళ్ళ కుక్కది. అక్కడివాళ్ళంతా ఆవిడని పేరు పెట్టే పిలిచేవాళ్ళు. నాకు పెద్దావిడని అలా పిలవడానికి నోరు రాక మేడమ్ అనేదాన్ని. మా అక్కతో చెప్పేటప్పుడు మాత్రం సినిమా బామ్మ.

సినిమా బామ్మ పుట్టింది ఇక్కడే. ఇరవై ఏళ్ళ వయసులో అమెరికా వెళ్ళి, నలభై ఏళ్ళ పాటు అక్కడి సినిమాల్లో వేషాలు వేసి తిరిగొచ్చింది. ఒక్కసారి కూడా హీరోయిన్ కాలేదు. హీరోయిన్ పక్కన నిలబడింది, ఆవిడకి కాఫీ ఇచ్చింది, ఆవిడ గౌను గుండీలు పెట్టింది. లెక్కలేనన్నిసార్లు నన్‌గా వేసింది, అద్దెకిచ్చే ఇంటి యజమానురాలిగా వేసింది, ఒకసారి అగ్నిప్రమాదంలో పోయింది. "మంటలు అంటుకోకముందే పోయాను, సినిమా తీసేవాళ్ళకి డబ్బు మిగులుతుందని" అనేది. తన వేషాలకి పేర్లుండేవి కావట. వంటావిడ, రెండో నర్సు, బస్సులో ముసలావిడ, అంతే. దీని గురించి ఆవిడకి విచారమేమీ లేదు. కరెంటాఫీసులో పనిచేసి రిటైరైనవాళ్ళు మాట్లాడినట్టు మాట్లాడేది. నేను మాత్రలు పట్టుకెళితే, "అలా నా మొహంలోకి చూస్తూ రాకమ్మాయ్, ట్రే వైపు చూస్తూ రా. పని ఉన్న మనిషివి అనిపిస్తావు" అని సరిదిద్దేది. ఆవిడ చెప్పినట్టు నడిచాక నిజంగానే నా ట్రేలో నీళ్ళు ఒలకడం మానేశాయి.

ఒకరోజు సాయంత్రం అమెరికా నుంచి ఫోనొచ్చింది. హాలీవుడ్ వాళ్ళు ఒక సినిమా తీయడానికి కిల్కెన్నీ వైపు వస్తున్నారట. అందులో ఒక ముసలావిడ వేషం ఉంది. ఒకప్పుడు ఈవిడకి వేషాలు కుదిర్చిన ఆఫీసులో ఎవరో ఈవిడ పేరు చెప్పారు. వేషాలకి మనుషుల్ని వెతికే అమ్మాయి వీడియోలో మాట్లాడుతుందట. ఆ సంగతి తెలిసిన దగ్గర్నుంచీ సినిమా బామ్మ నన్ను కుదురుగా ఉండనివ్వలేదు. జుట్టు రెండుసార్లు దువ్వించుకుంది. ఎప్పుడూ అడగని లిప్‌స్టిక్ అడిగింది. మళ్ళీ తుడిపించేసి, "ముసలావిడ వేషానికి లిప్‌స్టిక్ ఏమిటి" అని నన్నే కసిరింది.

టాబ్లెట్ పట్టుకుని నేను పక్కన నిలబడ్డాను. తెరమీద అమ్మాయి మహా హుషారు. వేషం గురించి గడగడా చెప్పి, "మీరు చేస్తారా? మాకు చాలా సంతోషం" అంది. సినిమా బామ్మ తల అడ్డంగా ఊపింది. "ఆ, వద్దులే తల్లీ. నీది మంచి మనసు. నాకంటే మంచివాళ్ళు బోలెడుమంది దొరుకుతారు మీకు" అంది. నేను మనసులో, బాగుంది, ఇది మొదటిది అనుకున్నాను. ఇక ఆ అమ్మాయి "అయ్యో, అలా అనకండి" అనాలి కదా? అనలేదు. "మీ నిర్ణయాన్ని మేము గౌరవిస్తాం. రేపటికల్లా ఎవరో ఒకర్ని ఖాయం చెయ్యాలి, అందుకే అడిగాను. ఆరోగ్యం జాగ్రత్త!" అని చెయ్యి ఊపి పెట్టేసింది. సినిమా బామ్మ నల్లటి తెరవైపు అలాగే చూస్తూ కూర్చుంది. "చాలా తొందరమనిషిలా ఉంది" అంది. ఆ పూట సూపు ముట్టుకోలేదు.

ఆవిడకి ఆ వేషం కావాలి. కావాలి కాబట్టే వద్దంది! ఇది అర్థం కావడానికి పెద్ద చదువు అక్కర్లేదు, చీరాలలో పుడితే చాలు. కానీ చిక్కేమిటంటే, సరిగ్గా దానికి ముందు వారమే మాకు ట్రైనింగ్ ఇచ్చారు. ఇక్కడున్న పెద్దవాళ్ళు దేన్నైనా వద్దంటే అది వద్దనే, మళ్ళీ మళ్ళీ అడిగి ఇబ్బంది పెట్టకూడదు అని. నేను గట్టిగా తలూపి వచ్చాను కూడా. ఇంటికెళ్ళి అక్కతో చెబితే కూర కలుపుతున్న గరిటె నావైపు చూపించింది. "ఏందే నీ గోల? ఆమె నోటితో ఆమె వద్దంది. మధ్యలో నువ్వెవరివి? ఉద్యోగం పోగొట్టుకుంటావా ఏంది?"

"అది కాదక్కా, మొన్న ఊరెళ్ళినప్పుడు మన చిన్నత్త పట్టుచీర పెడితే నువ్వు ఎన్నిసార్లు వద్దన్నావ్?"

"ఆ చీర సంగతి ఇప్పుడెందుకే?" అని అక్క మాట మార్చింది గానీ, మళ్ళీ నన్ను ఆపలేదు.

మర్నాడు పొద్దున్న మా హోమ్‌కి పెద్దయిన మేట్రన్ దగ్గరికి వెళ్ళాను. ఆవిడకి నేను పెట్టిన పేరు ఇస్త్రీ మేడమ్. బట్టలూ మాటలూ మడత నలగనివ్వదు. నా గోడు విని, "టీ సంగతి వేరు, ఒప్పందం సంగతి వేరు. ఆవిడ వద్దన్నారు కదా" అంది. "వద్దన్నారు మేడమ్, కానీ కాదనలేదు" అన్నాను. ఈ తేడా ఇంగ్లీషులో చెప్పడానికి నాకు ముచ్చెమటలు పోశాయి. ఇస్త్రీ మేడమ్ చేతిలో కాగితం పక్కన పెట్టి, "ఒకసారి మామూలుగా కదిపి చూడు. బతిమాలకు. ఆవిడ ఏమంటే అదే వచ్చి నాకు చెప్పు" అంది.

టీ పట్టుకుని సినిమా బామ్మ గదికి వెళ్ళాను. మంచం సర్దుతున్నట్టు నటిస్తూ (ఎవరి ముందు నటిస్తున్నానో చూడండి, నా పిచ్చి కాకపోతే), "ఆ సినిమా వాళ్ళకి ఇంకా ఎవరూ దొరికుండరు మేడమ్" అన్నాను.

"దొరక్కేం, దొరుకుతారు" అంది ఆవిడ కిటికీలోకి చూస్తూ.

"మీరు ఉంటే బాగుండేదేమో."

"ఆ, ఇంకా వాళ్ళని ఎందుకు విసిగించడం."

నేను దిండు రెండోసారి దులిపాను. ఆవిడ టీ కలిపింది. పంచదార వేసుకోని మనిషి టీ ఎందుకు కలుపుతుందో నాకు తెలుసు. చెంచా సాసర్లో పెట్టి ఆవిడే అంది. "ఒకవేళ వాళ్ళకి మరీ ఎవరూ దొరక్క ఇబ్బంది పడుతుంటే... అది వేరు."

నేను కారిడార్‌లో పరుగెత్తకూడదన్న రూలు కూడా మర్చిపోయి ఇస్త్రీ మేడమ్ గదిలో పడ్డాను. "ఏమన్నారు?" అంది. చెప్పాను. ఆవిడ మొహం మీద మొదటిసారి మడత నలిగింది. "మా అమ్మా ఇంతే" అని నవ్వింది. "అంటే చేస్తారనే!"

వాళ్ళకి తెల్లారేదాకా ఆగి, ఇస్త్రీ మేడమే ఫోను చేసింది. స్పీకర్లో పెట్టింది. పెట్టి, ఏమని మొదలుపెట్టిందనుకున్నారు? "మిమ్మల్ని విసిగిస్తున్నందుకు సారీ. ఈపాటికి మీకు ఎవరో దొరికేసి ఉంటారు. దొరికితే ఏమీ ఫర్వాలేదు, అంతా గ్రాండ్" అంది! ఇక్కడ ఈవిడ కూడా మొదటిది అందుకుంది. అవతల అమ్మాయి, "అవునండీ, ఇంకొకరితో మాట్లాడుతున్నాం. అర్థం చేసుకున్నందుకు థాంక్స్" అని అప్పుడే చెయ్యి ఊపే గొంతుతో అంటోంది. పెట్టేస్తోంది. నేను బల్ల మీదకి వంగి, ఫోనులోకి అరిచాను. "ఆవిడ చేస్తారు! చెయ్యాలనుంది! ఎప్పుడు రమ్మంటారో చెప్పండి!"

ఇస్త్రీ మేడమ్ నన్ను చూసిన చూపు ఇప్పటికీ గుర్తుంది. నేను అప్పటికే మనసులో చీరాల టికెట్టు కొనుక్కున్నాను. ఫోనులో అమ్మాయి మాత్రం, "ఓ! మరి నిన్న అలా చెప్పలేదే? ఆ రెండోవాళ్ళకి ఇంకా మాటివ్వలేదు. చాలా మంచిది!" అంది. అంత తేలిక! నా జన్మలో మొహమాటం లేకుండా నేను చెప్పిన మొదటి మాట అదే. అదీ ఇంకొకరి కోసం.

షూటింగు ఊరి అవతల ఒక పాతింట్లో. తోడుగా నన్ను పంపారు. అర్ధరాత్రి తలుపు తడతాడు హీరో, జోరున వాన. సినిమా బామ్మ తలుపు తియ్యాలి, "లోపలికి రా నాయనా" అనాలి, అంతే వేషం. వారమంతా కురిసిన వాన ఆ ఒక్కరోజూ రాలేదు. ఐర్లండ్‌లో వాన కోసం ట్యాంకరు తెప్పించారని నేను చెబితే మా అమ్మ నమ్మలేదు. కిటికీలకి నల్లగుడ్డలు కట్టి, పగటిని రాత్రి చేసి, పైనుంచి నీళ్ళు కొట్టారు. హీరో చాలా అందగాడు. నేను నోరు వెళ్ళబెట్టి చూస్తున్నాను. తలుపు తీసిన సినిమా బామ్మ మాత్రం అతని మొహం చూడలేదు. అతని బురద బూట్లు చూసింది, గుమ్మంలో కాళ్ళు తుడుచుకునే తన పట్టా చూసింది, నిట్టూర్చింది, అప్పుడు "లోపలికి రా నాయనా" అంది. డైరెక్టరు కట్ చెప్పడం మర్చిపోయి నవ్వాడు. చక్రాల కుర్చీ మనిషి ఆ తలుపు దగ్గర పట్టు లేకుండా ఎలా నిలబడిందో నాకు నేటికీ తెలియదు. (మధ్యాహ్నం ఎవరో అమ్మాయి ప్లేటు పట్టుకొచ్చి భోంచేస్తావా అంటే నేను వద్దన్నాను. ఆ పిల్ల సరేనని పట్టుకుపోయింది. సాయంత్రం దాకా నీళ్ళు తాగి ఉన్నాను. ఒక్క ఫోను కాల్‌తో మనిషి మారిపోడు.)

సినిమా వచ్చాక హోమ్‌లో కదలగలిగిన వాళ్ళనందర్నీ వ్యానులో ఎక్కించుకుని కిల్కెన్నీ హాలుకి వెళ్ళాం. ఇస్త్రీ మేడమ్ కూడా వచ్చింది. సినిమా బామ్మ తెరమీద కనబడగానే మావాళ్ళు పెట్టిన కేకలకి ముందు వరసవాళ్ళు వెనక్కి తిరిగి చూశారు. కేకలు ఆగేసరికి ఆ సీను అయిపోయింది. సినిమా అవగానే అందరూ కోట్లు వేసుకుని వ్యాను దగ్గరికి బయల్దేరారు. ఆవిడ కదలలేదు. తెరమీద పేర్లు పైకి పోతున్నాయి. తుడిచే అతను చీపురు పట్టుకుని వచ్చి మా కోసం గోడకి ఆనుకుని నిలబడ్డాడు. ఆఖరికి ఆవిడ పేరు వచ్చింది. పక్కన వేషం పేరు, "తలుపు దగ్గర ఆవిడ" అని. సినిమా బామ్మ కళ్ళజోడు సర్దుకుని చదివింది. "ఏమైనా అను, నేను ఆ తలుపు తియ్యకపోతే ఆ అబ్బాయి ఇంకా వానలోనే ఉండేవాడు. వాళ్ళకి సినిమాయే లేదు" అంది. గొప్పకి అన్న మాట కాదు. తన ఉద్యోగం ఏమిటో చెప్పింది, అంతే. ఆ చలికాలంలోనే నిద్రలో పోయింది. నేను రెండు రోజులు ఏడ్చాను. మా అక్క, అందరి బాధలూ నెత్తిన ఎత్తుకోవద్దన్న మా అక్కే, సెలవు పెట్టి నాతో చర్చికి వచ్చింది.

ఇప్పుడు నేను ఆసుపత్రిలో సీనియర్ నర్సుని. సినిమాకి వెళితే ఆఖరి పేరు పైకి పోయేదాకా లేవను. "మామ్, కమాన్, ఎవ్రీవన్ ఈజ్ గాన్!" అని మా పిల్లలు ఐరిష్ యాసలో సిగ్గుతో చచ్చిపోతుంటారు. నేను మాత్రం రెండో నర్సు ఎవరో, బస్సులో ముసలావిడ ఎవరో చదువుకుంటాను. ఒక్కోసారి ఆ చీకట్లోనే, పై అధికారి బల్ల మీదకి వంగి అమెరికాకి వినబడేలా అరిచిన ఆ పిల్ల గుర్తొస్తుంది. ఇప్పుడైతే ముందు మేనేజరుకి మెయిలు పెడతాను, జవాబు కోసం ఆగుతాను, ఆలోగా ఆ వేషం ఇంకెవరికో పోతుంది. ఆ పిల్ల ఏ ధైర్యంతో అరిచిందో తలుచుకుంటే నవ్వొస్తుంది, కాస్త అసూయ కూడా.