ఎనిమిది నెలలు ఎక్కువ

మందుల షాపుకి వెళ్తే పేరు చెప్పగానే డేట్ ఆఫ్ బర్త్ అడుగుతారు. నెలనెలా అదే కౌంటర్, అదే అమ్మాయి, అదే ప్రశ్న. నెల తిరిగేసరికి నా పుట్టినరోజు మారిపోయి ఉంటుందని అనుమానం కాబోలు. జూన్ అని చెబుతాను. పుట్టింది అక్టోబర్‌లో. బడిలో వేసినప్పుడు మాస్టారు జూన్ రాసుకున్నారు. మా క్లాసులో సగం మందిమి అలా జూన్‌లోనే పుట్టాం. బీపీ మాత్రల కోసం ఆడే ఈ అబద్ధం వల్ల ఎవరికీ నష్టం లేదు.

నష్టం జరిగిన అబద్ధం ఇంకొకటి ఉంది. ఆరేళ్ళుగా మోస్తున్నాను. మీరెవరో నాకు తెలీదు, నేనెవరో మీకు తెలీదు. చెప్పడానికి ఇంతకంటే అనువైన మనిషి నాకు దొరకలేదు.

ప్రసాదూ నేనూ బెజవాడలో ఒకే కాలేజీ. తర్వాత ఈ దేశం వచ్చాక ఇక్కడ క్యారీలో ఒకే కంపెనీ, పక్కపక్క వీధులు. వాళ్ళబ్బాయి నాని మేమింకా బెజవాడలో ఉండగానే, ఫిబ్రవరిలో పుట్టాడు. బాలింతకి పథ్యం క్యారియర్ ఆసుపత్రికి మోసింది నేనే. నా పెళ్ళి శుభలేఖ ఆ మంచం దగ్గరే ఇచ్చాను కాబట్టి, ఏ సంవత్సరమో కూడా నాకు బాగా తెలుసు. వాణ్ణి అక్కడ బడిలో చేర్చడానికి వయసు చాలలేదు. ప్రసాద్ ఎనిమిది నెలలు వెనక్కి జరిపి, ముందటేడు జూన్ అని రాయించాడు. తర్వాత బర్త్ సర్టిఫికెట్టూ, పాస్‌పోర్టూ ఆ తేదీతోనే వచ్చాయి.

గ్రీన్‌కార్డ్ సమయంలో ఇక్కడివాళ్ళు ఒక మెలిక పెట్టారు. పుట్టిన ఎన్నో ఏళ్ళకి రిజిస్టర్ చేయించారు కాబట్టి, పుట్టుక స్వయంగా తెలిసిన మనిషి చేత అఫిడవిట్ ఇప్పించమన్నారు. మనవాళ్ళలో ఇది మామూలే. ఒకరికొకరం రాసిచ్చుకుంటాం. నేనూ రాసిచ్చాను. జూన్‌లో ఆసుపత్రికి వెళ్ళి బిడ్డని చూశానని, అప్పుడు ఎండలు మండిపోతున్నాయని. ఎండల సంగతి ఎవరూ అడగలేదు. బ్యాంకులో నోటరీ ముందు సంతకం పెట్టాను.

2009లో ఆకులు రాలే రోజుల్లో, నానీ, వాడి క్లాస్‌మేట్లు ఇద్దరూ, వెకేషన్‌కి వెళ్ళినవాళ్ళ ఇంట్లోకి వెనక తలుపు గుండా దూరారు. ఒక లాప్‌టాప్, ఒక వీడియో గేమ్ పట్టుకొచ్చారు. వారం తిరక్కుండా దొరికిపోయారు. ఈ రాష్ట్రంలో అప్పట్లో పదహారు నిండితే పెద్దవాళ్ళ కోర్టే. నిండకపోతే పిల్లల కోర్టు, ఆ ఫైలు బయటి కంటికి కనపడదు. మిగతా ఇద్దరికీ పదిహేనేళ్ళు. నానికీ పదిహేనే. కాగితం మీద మాత్రం పదహారు దాటి నాలుగు నెలలు.

వాళ్ళ లాయరమ్మ మణికట్టు ఎక్స్‌రే తీయించింది. పదిహేనుకీ పదిహేడుకీ మధ్య ఉండొచ్చన్నాడు డాక్టరు. ఆ మాత్రం నేను ఎక్స్‌రే లేకుండానే చెప్పగలను. కాగితాలు ఒకవైపు, ఎముకలు ఎటూ కాకుండా. ఇక మిగిలింది కళ్ళతో చూసిన మనిషి.

శనివారం మధ్యాహ్నం నేను గరాజ్ సర్దుకుంటుంటే ప్రసాద్ వచ్చాడు.

“లాయర్ నీకు ఫోన్ చేస్తుందిరా. ఉన్నది ఉన్నట్టు చెప్పు, చాలు.”

“జూన్ అని నేను రాసిచ్చిన కాగితం గవర్నమెంట్ దగ్గరుంది.”

“రాయించింది నేను. ఆ మాట నేనే చెప్తాను. వాడు పుట్టింది ఫిబ్రవరిలో. నువ్వు చూశావు కదరా.”

ఆలోచిస్తానన్నాను. కాఫీ కలపనా అంటే వద్దని వెళ్ళిపోయాడు.

ఆ వారమే నాకు సిటిజన్‌షిప్ ఇంటర్వ్యూ లెటర్ వచ్చింది. ప్రభుత్వానికి ఎప్పుడైనా తప్పుడు సమాచారం ఇచ్చారా అని అందులో ఒక ప్రశ్న ఉంటుంది. అక్కణ్ణుంచి నాకు అందరి మీదా అనుమానమే. తప్పు తనదని ప్రసాద్ నిజంగా చెప్తాడా, లేక కోర్టులో నా వైపు వేలు చూపిస్తాడా? ఫోన్ చేసేది లాయరేనా? రికార్డ్ చేస్తారా? ఉత్తరాలు వేసే అతను మా పెట్టె దగ్గర కాస్త ఎక్కువసేపు నిలబడినా కర్టెన్ వెనక నుంచి చూసేవాణ్ణి. చివరికి నా జ్ఞాపకాన్నీ అనుమానించాను. వాడు జూన్‌లోనే పుట్టాడేమో, నేనే పొరబడ్డానేమో. ఆ శుభలేఖ ఒక్కటి అడ్డొచ్చింది గానీ, లేకపోతే నమ్మేసేవాణ్ణే.

సోమవారం ఆఫీసులో ఉండగా లాయరమ్మ ఫోన్. పార్కింగ్ లాట్‌లోకెళ్ళి, కార్లో కూర్చుని, అద్దాలు ఎక్కించుకుని మాట్లాడాను. నేనేమీ చెప్పలేనండి అంటే సరిపోయేది. భయపడ్డాడని ఆమే అర్థం చేసుకునేది. నేను జూనే కరెక్టన్నాను. అక్కడితో ఆగానా? “మా వైపు పిల్లలు కేసుల్లో ఇరుక్కుంటే తండ్రులు వయసు తగ్గించేస్తుంటారు మేడం,” అని చిన్న నవ్వొకటి కలిపాను.

ఆమె నవ్వలేదు. థాంక్స్ చెప్పి పెట్టేసింది. కోర్టులో వయసు మాట మళ్ళీ ఎత్తలేదు. తండ్రి అబద్ధమాడుతున్నాడని నమ్మాక ఎలా ఎత్తుతుంది?

ఆ రెండో వాక్యం ఎందుకన్నాను? చాలాసార్లు నన్ను నేనే అడిగాను. జోకు వేయడం నా అలవాటని సరిపెట్టుకున్నాను. అది కాదు. ఆమె ఎవరినో ఒకర్ని అనుమానించక తప్పదు, ఆ ఒకరు నేను కాకూడదు. అంతే.

నాని పెద్దవాళ్ళ కోర్టులో నేరం ఒప్పుకున్నాడు. జైలు పడలేదు, రెండేళ్ళ ప్రొబేషన్. రికార్డ్ మాత్రం ఉండిపోయింది. ఆ ఇద్దరు క్లాస్‌మేట్లలో ఒకడు ఇప్పుడు ఫార్మసీ చదువుతున్నాడు. నాని అదే కాలేజీకి రెండుసార్లు అప్లై చేశాడు. రెండుసార్లూ, ఎప్పుడైనా నేరం రుజువైందా అని అడిగే గడిలో అవును అని టిక్ పెట్టాడు. రెండుసార్లూ సీటు రాలేదు. ప్రసాద్ వాళ్ళు ఇల్లమ్ముకుని జార్జియాలో కమ్మింగ్‌కి మారిపోయారు. వెళ్ళేముందు, భయపడ్డావులేరా, నీ చోట నేనున్నా అంతే అన్నాడు. నేను ఊరుకున్నానని మాత్రమే వాడికి తెలుసు. ఏమన్నానో తెలీదు.

నాకు సిటిజన్‌షిప్ వచ్చింది. ఆ ప్రశ్నకి లేదన్నాను. ఆఫీసర్ చాలా మర్యాదస్తుడు.

మొదటి అబద్ధం ప్రసాద్‌దే కదా, అడిగి మరీ రాయించుకున్నాడు కదా అని ఒక వాదన ఉంది. పొద్దున లేవగానే మొదలుపెడితే లంచ్ దాకా పనిచేస్తుంది.

క్షమించమని మిమ్మల్ని అడగడం లేదు. మీరు క్షమించినా నానికి ఒరిగేదేమీ లేదు. ఇదంతా ఒకచోట రాశాక ఛాతీ మీంచి ఏదో కాస్త పక్కకి జరిగింది. అంతవరకు నిజం.

ఇది మీకు పంపేముందు మా ఆవిడకిచ్చాను. ఆమెకీ ఇవాళే తెలిసింది. డైనింగ్ టేబుల్ దగ్గర కూర్చుని రెండుసార్లు చదివింది. కళ్ళజోడు తీసి కాగితాల మీద పెట్టింది.

“ఆ అబద్ధం కింద ఇంటిపేరుతో సహా రాసి సంతకం పెట్టారు. దీని కింద పేరేదీ?”