వదిన చేతిలో పాత ట్యాబ్

మీరు జీవితమంతా ఊరికి బోధించిన పనిని మరొకరు చడీచప్పుడూ లేకుండా చేసి చూపిస్తే మీకు కడుపు మండదా? నాకు మండింది.

ఏది చెప్పినా "ఏదీ, చూద్దాం" అనడం రేపల్లెలో బట్టలు కుట్టే మా వదినకు అలవాటు. నా కూతురు ఆడే కార్ల పందెం మా పాత ట్యాబ్‌లో ఆగి ఆగి నడిచేది. "దీని పనైపోయిందండి" అన్నాడు తెనాలిలో షాపువాడు. నమ్మి కొత్తది కొన్నాను. పాతది వదిన తీసుకుంది.

నెల తర్వాత రేపల్లె వెళితే, నా కూతురు కొత్త ట్యాబ్ నా ఒళ్లో పడేసి వదిన పక్కన చేరింది. పాతదాంట్లో కారు జోరుగా పరుగెడుతోంది.

"ఏంటి వదినా, దీన్నేం చేశారు?"

"ఏముంది మరిదిగారూ! అందులో నిండిపోయిన మీ ఉపన్యాసాల వీడియోలన్నీ తీసేశా. వాడని యాప్‌లు పీకేశా. ఆటలో బొమ్మల నాణ్యత తగ్గించా. ఒక్కోటీ మార్చి, ఆడి చూశా. మీరేం చూశారు?"

"షాపువాడు చెప్పాడు కదా అని..."

"బాబాలు చెబితే నమ్మొద్దు, పరీక్షించి చూడమని సభల్లో మీరే అంటారు. షాపువాడు చెబితే నమ్మొచ్చేంటి?"

నా కూతురు పగలబడి నవ్వింది. వదినను చూస్తున్న ఆ కళ్లలోని గౌరవం బాపట్ల సభల్లో నేను దంచిన ఏ ఉపన్యాసానికీ దక్కలేదు. వదిన ఒక్క సభకైనా రాలేదు. పరీక్షించింది, అంతే. ఆ అసూయ నాకింకా చల్లారలేదు.

నా మాటా నమ్మకండి. మీరు మూలన పడేసిన ట్యాబ్‌ను ఇవాళే బయటికి తీయండి. ఒక్కోటీ మార్చి, మీరే ఆడి చూడండి.