బూరలు ఆగిన చోట

మా బ్యాండ్ మాస్టర్ సార్ గురువారం పొద్దున్న పోయారు. తిరుమలగిరి నుంచి వాళ్లమ్మాయి ఫోన్ చేసి చెబితే, ఏడుపు కంటే ముందు నాకు భయం వచ్చింది. ఆదివారం ఆయన నిలబడాల్సిన చోట ఇక నేను నిలబడాలి. మొదట తట్టింది అదే, ఏం చేయను.

సార్ మిలిటరీ బ్యాండ్‌లో రిటైరై, మెట్టుగూడలో ఒక స్కూలు హాల్లో మాకు ఆర్కెస్ట్రా నేర్పారు. నాకు వయొలిన్ పట్టుకోవడం నేర్పింది ఆయనే. చివరగా ఒక డాక్యుమెంటరీకి సంగీతం ఒప్పుకున్నారు. ఒక సంస్థానంలో వేడుకల పాత మూగ రీళ్లు కలిపి చేసిన సినిమా అది. మాటలుండవు. ఆదివారమే దాని ప్రదర్శన. తెర మీద పట్టాభిషేకం, దసరా దర్బారు నడుస్తుంటే కింద కూర్చుని మేం వాయించాలి.

వాయించే ముందు సార్ చేతులు చల్లబడిపోయేవి. వేడి చాయ్ గ్లాసు రెండు చేతులతో పట్టుకుని కూర్చునేవారు, తాగేవారు కాదు. మీకూ భయమేనా సార్ అంటే, "భయం లేనోడు తాళం ఉరికిస్తడు బిడ్డా. జెర ఉండాలె" అనేవారు. నాకు జెర కాదు, బోలెడుంది.

పోయిన నెల రిహార్సల్లో తెర మీద ఏనుగుల ఊరేగింపు నడుస్తుంటే మా బూరలు దుమ్ము లేపుతున్నాయి. సార్ రాసిన బాణీయే. ఉన్నట్టుండి ఆపేశారు.

"ఆళ్ల కాళ్లు సూడుండ్రి."

కత్తులు కట్టుకున్న సర్దార్లు, ఒక్కరి కాళ్లకీ జోళ్లు లేవు. పూలు కప్పిన పల్లకీ అని మేం అనుకున్నది ఆ సంస్థానం రాజుగారి పాడె.

సార్ కుర్చీలో కూలబడ్డారు. "పీనుగ ముంగట పెండ్లి బాజా కొట్టిపిస్తుంటి కదా" అన్నారు. ఆయన గొంతులో అంత భయం నేనెప్పుడూ వినలేదు. ఆ రాజుగారి ఇంటివాళ్లు కూడా సినిమాకి వస్తున్నారు మరి. అక్కడ ఏం వాయించాలో ఆయనకి తేలనే లేదు. "ఇంక సమజైతలేదు, సూద్దాం" అంటూనే వెళ్లిపోయారు.

ఆయన లేకుండా మేమే కూర్చుని, అక్కడ డోలు ఒక్కటే మోగాలనుకున్నాం. నేను చెయ్యి దించితే మొదలవ్వాలి. ఆదివారం ఊరేగింపు రాగానే చెయ్యెత్తాను. దిగలేదు. కొయ్యబారిపోయింది. చూసినవాళ్లు ఆ నిశ్శబ్దం సార్ చేసిన ఏర్పాటనుకున్నారట. కాదు, ఉత్త భయం. డోలు వాయించే ఆయన నా వైపే చూస్తున్నాడు. సార్ పరువు తీశాననుకున్నాను.

తెర మీద పాడె చప్పుడు లేకుండా కదులుతోంది. వెనక కుర్చీలు కిర్రుమన్నాయి. జనం లేచి వెళ్లిపోతున్నారనుకుని తల తిప్పాను. వెళ్లడం లేదు. వీధిలో శవం పోతుంటే అరుగు మీదివాళ్లు లేచినట్టు, ముందు వరసలో రాజుగారి ఇంటి పెద్దావిడ లేచి చేతులు జోడించింది. ఆమె వెనక ఒక్కొక్కరే లేస్తున్నారు. నా చెయ్యి ఇంకా గాలిలోనే ఉంది.