కెమెరా ముందు ఎత్తిన చేతులు

1962 ఫిబ్రవరి, పోలింగుకు ముందురోజు సాయంత్రం. స్థలం: మైపాడుకు దిగువన మా పాలెం, వలలు ఆరేసే ఇసుకదిబ్బ. హాజరైనవారు: పాలెం పెద్దకాపు, అంటే ఊరి కట్టుబాట్లు చూసే పెద్ద అయిన మా మామ, ఆయన భార్య మా అత్త, మద్రాసు నుంచి డాక్యుమెంటరీ తీయడానికి వచ్చిన డైరెక్టరు గారు, ఆయన కెమెరామన్, పాలెం జనం, నేను.

ఆ రోజుల్లో సినిమావాళ్ల వెంట తిరిగేవాడికి ఉద్యోగం ఉన్నట్టా లేనట్టా అన్నది ఇంట్లో ఎవరికీ తేలేది కాదు. నాకూ తేలలేదు. రిఫ్లెక్టరు పట్టుకుని ఎండను మనుషుల మొహాల మీదికి మళ్లించడం, డైరెక్టరు గారి ఇంగ్లీషును తెలుగు చేయడం నా పని. (రెండోదానికి విడిగా జీతం లేదు.) ఆయన సినిమా ప్రజాస్వామ్యం గురించి. తియ్యటి మాటలకు జనం ఎట్లా పడిపోతారో లోకానికి చూపించాలని ఆయన తపన. అందులో నటన లేదు.

మాకు దొరికిన తియ్యటి మాటల అభ్యర్థిని పాలెంలో కన్నీళ్లాయన అనేవారు. ఇంటింటికీ నైలాన్ వల ఉచితమని చెబుతూ వేదిక మీద ఏడ్చేవాడు. ఆయన మీద పోటీకి నిలబడ్డ మేష్టరుకు మాటలు రావు గాని, పాలెంలో మంచినీళ్ల బావి మొదలుపెట్టించి సగం తవ్వించాడు. రోజూ ఇసుకలో చెలమ తీసి బిందె నింపుకునే మా అత్తకు ఓటంటే ఆ బావే.

అంతకుముందు పాలెంలో ఓటు ఎప్పుడూ దురాయి ప్రకారమే. పెద్దకాపు ముందు అందరూ చేతులెత్తితే అది కట్టు. తప్పినవాడి పడవ సముద్రంలోకి దిగదు, దిగినా తిరిగి రాదని నమ్మకం. ఆ ఏడు మొదటిసారిగా మామ, దురాయి లేదు, ఎవరికి తోచినట్టు వాళ్లు వేసుకోండి అన్నాడు. ఆయనచేత ఆ మాట అనిపించింది అత్తేనని పాలెమంతా నవ్వుకుంది.

కన్నీళ్లాయన సభను మేము తీశాం గాని జనం మొహాలు నీడలో పడ్డాయి. అందుకని డైరెక్టరు గారు ఆ సాయంత్రం అందరినీ దిబ్బ మీద కూర్చోబెట్టి, మామను ముందు నిలబెట్టి, కన్నీళ్లాయన పేరు వినగానే చేతులెత్తమన్నారు. నేను తెలుగు చేశాను. సినిమాలో పడతామన్న సంబరంలో అందరూ ఎత్తారు, అత్తతో సహా. మామ ముఖం మాత్రం మాడిపోయింది.

ఇంటికి వచ్చి అన్నం ముందు కూర్చున్నాక అన్నాడు: "నా ముందర పాలెమంతా చెయ్యెత్తినాక అది దురాయి గాక ఏందే?"

"బొమ్మ కోసం ఎత్తిన చెయ్యి గదా," అంది అత్త.

"ఎందుకోసం ఎత్తినారని అడగతా పోతే, రేపు ఒక్కొక్కడు ఒక్కో కారణం చెప్తాడు. ఇంక మాటకు నిలబడేదెవరు?"

నేను చదివిన చదువంతా కూడదీసి వాదించాను. (మామ ఓపికగా విని, నా కంచంలో చేపముక్క వేశాడు.) ఓటు రహస్యం కదా, ఎవరికి తెలుస్తుందని అత్తను చాటుగా అడిగాను.

"సముద్రం మీదికి పొయ్యేది మీ మామ గదరా," అంది.

మరునాడు ఉదయం పాలెమంతా బారు తీరి బడికి నడిచి, దురాయి ప్రకారం కన్నీళ్లాయనకే ఓటేసింది. అత్త బయటికి రావడం కెమెరాకు సరిగ్గా అందలేదట. స్వేచ్ఛగా ఓటేసి వస్తున్న పల్లె స్త్రీతో సినిమా ముగించాలని డైరెక్టరు గారి ఆలోచన. గుమ్మం దాకా వెళ్లి మళ్లీ నడిచి రమ్మన్నారు. చెప్పాను.

అత్త నావైపు చూసింది. "ఓటు గూడా మళ్లీ వెయ్యనిస్తారా అబ్బయ్యా?"

ఆమె ఏమంటోందని డైరెక్టరు గారు అడిగారు. కొంగు సర్దుకోవాలా అంటోందన్నాను. వద్దు, అట్లాగే బాగుందన్నారాయన. అత్త వెళ్లి, మళ్లీ నడిచి వచ్చింది.

ఇప్పుడు అప్పటి నన్ను, ఆ కుర్రాణ్ణి, తలుచుకుంటే చిన్నగా నవ్వొస్తుంది. అంత ఇంగ్లీషు వచ్చినవాడికి ఆ ఒక్క మాటకు ఇంగ్లీషు దొరకలేదు.